ఖాళీ బోర్డు

కిందటి వారం బస్సక్కను హెడ్ క్లర్కు గది బయట బెంచీ మీద కూర్చోబెట్టి మన దారిన మనం వెళ్ళిపోయాం. పాపం, ఆమె ఇంకా అక్కడే ఉంది. కొంగు చివర వేలికి చుట్టుకోవడం, విప్పడం, మళ్ళీ చుట్టుకోవడం తప్ప వేరే పనేమీ చేయలేదు.

కథలోకి ఇప్పుడే అడుగుపెట్టినవారి కోసం జరిగింది నాలుగు మాటల్లో చెబుతాను. ఆమె ఆ స్కూల్లో బస్సు ఆయా. పిల్లలందరూ బస్సక్క అని పిలిస్తే పెద్దవాళ్ళకీ అదే పేరు అలవాటైపోయింది. ఉద్యోగం ఇంకా ప్రొబేషన్‌లోనే ఉంది, పర్మనెంటు కాలేదు. ఆ బస్సు నడిపేది సొంత మేనమామ. ఉద్యోగం ఇప్పించిందీ ఆయనే. ఒక రోజు పొద్దున, పిల్లలందరూ దిగిపోయారనుకుని బస్సు షెడ్డులోకి వెళ్ళిపోయింది. వెనక సీట్లో ఎల్‌కేజీ పాప ఒకతి నిద్రపోతూ ఉండిపోయింది. కిటికీ పక్క సీటు ఇవ్వకపోతే ఊరంతా వినపడేలా పేచీ పెట్టే పిల్ల కనుక దానికి కిటికీ పాప అని పేరు. మధ్యాహ్నం బస్సు కడగడానికి వచ్చినవాళ్ళు తలుపు తీసేసరికి, మూసిన అద్దాల వెనక ఆ ఎండలో, పాప వాడిపోయి పడివుంది. ఆసుపత్రిలో ప్రాణం నిలబడింది. మాట మాత్రం ఆ రోజుతో పోయింది. వారం తిరక్కుండానే బస్సక్క చేతిలో కాగితం పెట్టారు. విధి నిర్వహణలో దుష్ప్రవర్తన, అందువల్ల తొలగింపు.

ఆ దుష్ప్రవర్తన అన్న మాటే ఇప్పుడు అందరి పీకలమీదకీ వచ్చింది. ప్రొబేషన్‌లో ఉన్నవాళ్ళని ‘పని తృప్తికరంగా లేదు’ అని ఒక్క ముక్క రాసి పంపించేస్తే, ఎందుకు పంపారని అడిగే దారి దాదాపు ఉండదు. కానీ తప్పు చేసిందని ముద్ర వేసి పంపితే మాత్రం ఆ ముద్ర నిజమో కాదో తేల్చమని అప్పీలు చేసుకునే హక్కు ఉంటుంది. ఈ సంగతి బస్సక్కకి చెప్పింది లైబ్రరీ మేడమ్. స్కూలు వాళ్ళు కోపంలో ముద్ర వేసేశారనీ, ఇప్పుడు నాలుక కరుచుకుంటున్నారనీ కూడా ఆవిడే చెప్పింది. అప్పీలు కాగితం రాసి పెట్టింది. విచారణ రోజున పక్కన కూర్చుంటానంది. ఆ విచారణ రోజు ఈ రోజే.

తలుపు తెరుచుకుంది. హెడ్ క్లర్కు లోపలికి రమ్మని తలూపి, ఎదురుగా ఉన్న కుర్చీ చూపించాడు. ఆయన ఎవరికైనా కుర్చీ చూపించాడంటే భయపడాల్సిందే అని స్కూల్లో పాతవాళ్ళు అంటూ ఉంటారు. బస్సక్క కూర్చోలేదు. కూర్చుంటే మళ్ళీ లేవగలనా అని అనుమానం.

కేకలు వేస్తాడనుకుంది. ఆయన మంచినీళ్ళ గ్లాసు ముందుకు జరిపాడు. విచారణకి ఇంకా కాస్త వ్యవధి ఉందనీ, ఈలోగా తనవల్ల అయ్యే సాయం చేద్దామనుకుంటున్నాననీ మెత్తగా మొదలుపెట్టాడు. పాత ఆర్డరు వెనక్కి తీసుకుంటారట. దాని బదులు పని తృప్తికరంగా లేదన్న ఆర్డరు ఇస్తారట. అందులో దుష్ప్రవర్తన అన్న మాట ఉండదు. రేపు ఇంకో స్కూలుకి వెళ్ళినా ఎవరూ వేలెత్తి చూపరు. ఆమె చేయవలసిందల్లా అప్పీలు వద్దనుకుంటున్నానని ఒక సంతకం.

“అందులో పాప సంగతి ఉండదా సార్?” అని అడిగింది.

“ఉండదు.”

“మరి పాప లోపల ఎలా ఉండిపోయిందని ఇంకెవరూ అడగరా?”

“అడగరు. నీకు కావలసింది అదే కదమ్మా.”

గ్లాసులో నీళ్ళు చూస్తూ నిలబడింది. ఆశ పుట్టలేదంటే అబద్ధం. చచ్చేంత ఆశ పుట్టింది. సంతకం పెట్టేసి, గేటు దాటి, ఈ వీధిలోకి మళ్ళీ రాకుండా వెళ్ళిపోవచ్చు. హెడ్ క్లర్కు ఆమె ముఖం చదివినట్టున్నాడు. గొంతు ఇంకా తగ్గించి, అప్పీల్లో శిక్ష తగ్గాలని ఏమీ లేదనీ, కమిటీ తలుచుకుంటే విషయం పోలీసుల దాకా పంపొచ్చనీ, అప్పుడు తను కూడా ఏమీ చేయలేననీ చెప్పాడు. పోలీసులు అన్న మాట వినగానే ఆమె కొంగు చివర మళ్ళీ వేలికి చుట్టుకుంది.

పొద్దున ఇంటి దగ్గర అమ్మ కూడా భయపెట్టే పంపింది. తలకి నూనె రాసి, జడ అల్లింది. చివరికి రబ్బరు బ్యాండు వేస్తూ, “నువ్వు గెలిస్తే నా తమ్ముడు ఓడిపోతాడే. అది మనసులో పెట్టుకుని మాట్లాడు,” అంది. అమ్మ తప్పేం లేదు. ఒకవైపు కూతురు, ఒకవైపు తమ్ముడు. ఆవిడ మాత్రం ఎటని పోతుంది?

మామయ్య చెబుతున్నది ఒకే ఒక్క మాట. నా మేనకోడలు బస్సుని రెండు దెబ్బలు కొట్టింది, అందుకే కదిలించాను. పిల్లలు దిగాక ఆయా లోపలికి ఎక్కి, చివరి సీటు దాకా నడిచి చూసి, దిగి, తలుపు పక్కన రేకు మీద అరచేత్తో రెండు దెబ్బలు వేస్తే డ్రైవరు బస్సు తీయాలి. అది అక్కడి పద్ధతి. ఆ పద్ధతి ప్రకారమే ఆయన తీశాడు కనుక ఆయనకి హెచ్చరికతో సరిపోయింది. బస్సక్క మాత్రం తను కొట్టలేదంటుంది. దేవుడి మీద ఒట్టేసి చెప్పింది. మరి కొట్టిందెవరు? కళ్ళు మూసుకుంటే చాలు, ఆ రెండు దెబ్బలే వినిపిస్తున్నాయి ఆమెకి. అవి ఎవరివో తెలియకుండా ఇంకో స్కూలుకి వెళ్ళి ఇంకో బస్సు ఎక్కి, ఇంకొకళ్ళ పిల్లల్ని చెయ్యి పట్టుకుని దించడం తనవల్ల కాదు.

“నేను లోపలికే వెళ్తాను సార్,” అంది. ధైర్యంతో అన్న మాట కాదది.

హెడ్ క్లర్కు మంచినీళ్ళ గ్లాసు వెనక్కి జరుపుకుని తనే తాగేశాడు.

వరండా చివర, కిటికీ దగ్గర, ఒకామె పాపని ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉంది. కమిటీ వాళ్ళు పిల్ల తల్లిని కూడా పిలిపించారని బస్సక్కకి తెలియదు. కాళ్ళు అక్కడే ఆగిపోయాయి. కిటికీ పాప ఈ వైపు తిరగలేదు. అద్దానికి నుదురు ఆనించి బయటికి చూస్తోంది. చిక్కిపోయింది. గౌను భుజం మీదనుంచి జారిపోతోంది. తల్లి తలెత్తి బస్సక్కని చూసింది. తిట్టినా బాగుండేది. ఏమీ అనకుండా పాప చెవుల మీద చేతులు వేసి ఇంకాస్త దగ్గరికి లాక్కుంది. ఆమె గొంతు విని బిడ్డ భయపడుతుందేమో అన్నట్టు. బస్సక్క తల దించుకుని గోడవారగా నడిచింది.

విచారణకి ఒకటో తరగతి గది ఖాళీ చేశారు. కమిటీ వాళ్ళకి ఆఫీసునుంచి చేతుల కుర్చీలు తెప్పించారు. బస్సక్క దాకా వచ్చేసరికి కుర్చీలు సరిపోలేదు కాబోలు, పిల్లల కుర్చీ వేశారు. మోకాళ్ళు గడ్డానికి తగిలేలా ముడుచుకుని కూర్చుంది. లైబ్రరీ మేడమ్ వచ్చి, తనకి వేసిన పెద్ద కుర్చీ పక్కకి నెట్టి, ఇంకో చిన్న కుర్చీ లాక్కుని ఆమె పక్కనే కూర్చుంది. ఆవిడ భారీ మనిషి. కుర్చీ కిర్రుమంది. ఇంకో రోజైతే బస్సక్క నవ్వేది. మేడమ్ ఆమె భుజం మీద చెయ్యి వేసి, అడిగిందానికి ఉన్నదున్నట్టు చెప్పమనీ, ఆమె మీద సాక్ష్యం చెప్పేవాళ్ళని తిరిగి ప్రశ్నలు అడిగే హక్కు ఉందని మరిచిపోవద్దనీ చెవిలో చెప్పింది.

కమిటీ పెద్ద ఒక రిటైర్డ్ జడ్జి. తెల్లగా నెరిసిన కనుబొమలు, నిదానమైన మాట. ఆయనకి కుడిపక్కన స్కూలు సెక్రటరీ. సెక్రటరీ ముఖం అప్పటికే కందగడ్డలా ఉంది. గాలి ఆడటం లేదని తలుపు బార్లా తీసిపెట్టారు.

ముందు ఆమెనే చెప్పమన్నారు. బోర్డుతో మొదలుపెట్టింది. ఎర్ర రేకు మీద తెల్లటి అక్షరాలతో ఖాళీ అని రాసి ఉండే బోర్డు. బస్సు ఖాళీ అయ్యాక దాన్ని బయటినుంచి వెనక అద్దానికి తగిలించాలి. అది కనపడకపోతే షెడ్డు కాపలా మనిషి గేటు తీయడు.

“బోర్డు ఎప్పుడు తగిలించావు?” అని అడిగాడు జడ్జి.

ఆ ప్రశ్న వస్తుందని ఆమెకి తెలుసు, బయట వరండాలో గోడకి ఆనుకుని నిలబడ్డ మిగతా ఆయాలకీ తెలుసు. పొద్దున్నే గేటు ముందు బస్సులన్నీ వరసకట్టి హారన్లతో చెవులు చిల్లులు పొడుస్తుంటే, పిల్లలు ఇంకా దిగుతూ ఉండగానే బోర్డు తగిలించేయడం అక్కడ అందరూ చేసే పనే. ముందు బోర్డు, తర్వాత పిల్లలు, ఆ తర్వాత లోపల చూడటం. ఉద్యోగంలో చేరిన రోజే ఒక పెద్ద ఆయా చెయ్యి పట్టుకుని మరీ నేర్పింది. అందరూ అంతే అని ఒక్క మాట అంటే తన తప్పు సగం తగ్గుతుంది; బయట ఉన్నవాళ్ళలో సగంమంది రేపు ఇదే కుర్చీలో కూర్చుంటారు.

“ముందే తగిలించాను సార్. పిల్లలు దిగకముందే. నేను తగిలించాను,” అంది.

సెక్రటరీ పెన్ను తీసి ఏదో రాసుకున్నాడు. ఆ పెన్ను చప్పుడు ఆమె ఒంటి మీద నడిచినట్టుంది.

మిగతాది ఒక్క ఊపిరిలో చెప్పేసింది. ఒక బాబు దిగుతూ దిగుతూ ఆమె మీద వాంతి చేసుకున్నాడు. వాణ్ణి చంకనేసుకుని గోడ దగ్గర కుళాయికి తీసుకెళ్ళింది. కడిగి వచ్చి లోపలికి ఎక్కి చూద్దామనుకుంది. కుళాయికి వెళ్తూ సగం దారిలో ఎందుకో వెనక్కి తిరిగి చూస్తే, ఎదురుగా బస్సు వెనక భాగం, అద్దం మీద ఖాళీ బోర్డు. చూస్తుండగానే కదిలిపోయింది. మామయ్య తనే ఎక్కి చూసుకుని ఉంటాడులే అనుకుంది. అనుకోవడమే తన తప్పు. కానీ దెబ్బలు మాత్రం తను కొట్టలేదు.

తర్వాత మామయ్యని పిలిచారు. ఇస్త్రీ చేసిన ఖాకీ చొక్కా వేసుకుని వచ్చాడు. మేనకోడలి వైపు చూడకుండా గోడ మీద అక్షరాల చార్టు వైపు చూస్తూ నిలబడ్డాడు. జడ్జి అడిగితే అదే మాట చెప్పాడు. రెండు దెబ్బలు. స్పష్టంగా విన్నాను.

బస్సక్క ఆయన చేతుల్నే చూస్తోంది. చిన్నప్పటినుంచీ ఆయన ఒళ్ళో పెరిగిన పిల్ల. మామయ్య అబద్ధం ఆడితే కుడిచెయ్యి దానంతటదే చెవి తమ్మె మీదకి పోతుంది. అమ్మ దగ్గర సిగరెట్ల సంగతి దాచినప్పుడల్లా అంతే. ఆ చెయ్యి ఇప్పుడూ పైకి లేస్తుందని, లేవగానే అందరికీ చూపించి అరవాలని ఎదురుచూసింది. చెయ్యి లేవలేదు. పంట్లాము పక్కన కదలకుండా వేలాడుతోంది.

మామయ్య నిజం చెబుతున్నాడు.

ఇన్నాళ్ళూ మామయ్య అబద్ధం ఆడుతున్నాడన్న కోపం పట్టుకుని నిలబడింది. ఆ కోపం కాస్తా చేతిలోంచి జారిపోతే కింద ఏమీ మిగల్లేదు, ఉత్త భయం తప్ప. తను కొట్టలేదు. ఆయన విన్నాడు. రెండూ నిజమే.

ఏమైనా అడుగుతావా అన్నాడు జడ్జి. అక్కర్లేదని సెక్రటరీ కలగజేసుకోబోతే, అది ఆమె హక్కు అని లైబ్రరీ మేడమ్ కూర్చున్నచోటునుంచే అంది. బస్సక్క లేచి నిలబడింది.

“మామయ్యా, ఎటువైపు నుంచి వినపడింది?”

“ఎటువైపేంటి? కొట్టావు, విన్నాను.”

“నేను తలుపు పక్కనే కొడతాను కదా. నీ ఎడమ చెవికి దగ్గరగా. ఆ రోజు కూడా అక్కడినించే వచ్చిందా?”

మామయ్య మొదటిసారి ఆమె ముఖంలోకి చూశాడు. ఆ క్షణాన్ని మళ్ళీ చెవులతో వెతుక్కుంటున్నట్టు తల కాస్త పక్కకి వంచాడు. నెమ్మదిగా ఆయన ముఖంలో రంగు మారింది. ఖాకీ చొక్కా లోపల మనిషి కుంచించుకుపోయాడు.

“వెనకనించి,” అన్నాడు. “చప్పుడు కూడా సన్నగా... తలుపు దగ్గర రేకులా మోగలేదు. వెనక అద్దం దగ్గర...”

ఇంక చెప్పలేకపోయాడు. చెప్పాల్సిన అవసరమూ లేకపోయింది. జడ్జి కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టాడు. లైబ్రరీ మేడమ్ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. వెనక సీట్లో నిద్ర లేచిన పిల్ల, బస్సులో ఎవరూ లేరని చూసి, రోజూ బస్సక్క ఎలా కొడుతుందో అలాగే కొట్టింది. తీసుకెళ్ళమని కొట్టింది. ఆ దెబ్బలు విని డ్రైవరు బస్సు కదిలించాడు.

“నేనేనా?” అన్నాడు మామయ్య ఎవరితోనో. “బిడ్డ పిలిస్తే నేను బండి తీసుకెళ్ళి షెడ్డులో పెట్టి తాళం వేశానా?”

ఇదంతా ఊహ అనీ, కొట్టింది పాపే అనడానికి ఆధారం ఏమిటనీ సెక్రటరీ గొంతు పెంచాడు. సమాధానం గుమ్మం దగ్గర నుంచి వచ్చింది. తెరిచిన తలుపులో పాప తల్లి నిలబడి ఉంది. పాప ఆమె భుజం మీద తల పెట్టుకుని ఉంది.

“పాపే కొట్టింది,” అందామె. “ఇంట్లో కూడా అలాగే కొడుతోంది సార్. మంచం పట్టె మీద, తలుపు మీద. రెండు దెబ్బలు కొట్టి, ఆగి, ఎవరైనా వస్తారేమో అని చూస్తుంది. భయం వల్ల వచ్చిన అలవాటన్నారు డాక్టరు గారు. ఎందుకు కొడుతోందో నాకు ఇప్పుడు తెలిసింది.”

బస్సక్క చిన్న కుర్చీ మీద కూలబడింది. ఏడుపు వచ్చేసింది, ఆపుకోలేదు. మేడమ్ మళ్ళీ ఆమె భుజం మీద చెయ్యి వేసింది. తను కొట్టలేదు, మామయ్య అబద్ధమూ ఆడలేదు. ముద్ర చెరిగిపోతుందేమో. అమ్మ దగ్గరికి ఇద్దరూ కలిసి వెళ్ళొచ్చేమో. అన్నిటికంటే ముందు ఆ పిల్లని ఒక్కసారి దగ్గరికి తీసుకోవాలనిపించింది.

“కిటికీ పాపా,” అని పిలిచింది.

తల్లి భుజం మీద తల కదిలింది. పాప ఇటు తిరిగింది. ఆమెని చూసింది. చాలాసేపు చూసింది. పెదవులు కదిలాయి. ఆ రోజు తర్వాత ఆ పెదవులు కదలడం అదే మొదటిసారి.

“కొట్టాను,” అంది పాప. బొంగురుగా, అరిగిపోయిన గొంతు. “బస్సక్క చూసింది.”

“ఏంటమ్మా? ఏం చూసింది?” అని అడిగింది తల్లి.

“నన్ను చూసింది. చూసి వెళ్ళిపోయింది.”

సెక్రటరీ పెన్ను మూత మళ్ళీ తీశాడు. తల్లి ఒక అడుగు వెనక్కి వేసింది, పాపని రెండు చేతులా కప్పేస్తూ.

జడ్జి బల్ల మీది కళ్ళజోడు మళ్ళీ పెట్టుకుని బస్సక్క వైపు తిరిగాడు. “ఇందాక నువ్వే చెప్పావమ్మా, సగం దారిలో వెనక్కి తిరిగి చూశానని. ఏం కనపడింది?”

చూసింది. నిజమే, తిరిగి చూసింది. వెనక అద్దం వైపే చూసింది. బోర్డు అంచు పైనుంచి పాప కళ్ళు ఆమెని చూస్తూ ఉన్నప్పుడు, ఆమె కళ్ళు మాత్రం తన చేత్తో తగిలించిన అక్షరాల మీద ఆగాయి. ఖాళీ అని రాసి ఉంది. నమ్మేసింది. ఆ మాట ఇప్పుడు ఈ గదిలో ఎవరికి చెప్పాలి, ఎలా చెబితే నమ్ముతారు?

భుజం మీద ఉన్న లైబ్రరీ మేడమ్ చెయ్యి మెల్లగా పక్కకి జరిగింది.